ఎర్ర ట్యాగు కట్టిన తెల్ల బండి

"ఆ టైరుని తన్నకండి మేడమ్. దానికేం తెలీదు పాపం."

వెనకనుంచి మాట వినబడగానే అమ్ము కాలు వెనక్కి తీసుకుంది. కళ్ళజోడు మీది వాన చినుకులు తుడుచుకుని చూసింది. గేటు దగ్గర పొడుగాటి కుర్రాడు, చేతిలో టీ గ్లాసు, పెదవి చివర నవ్వు. ఆ నవ్వు మీదే ఆమెకి మొదటి అనుమానం.

"అమ్మకానికి పెట్టిన బండిని తన్ని చూడకూడదా?"

"చూడొచ్చు. కానీ అది పక్క క్వార్టర్ వాళ్ళది. మాది ఆ తర్వాతది."

అమ్ము తలెత్తి చూసింది. భిలాయి సెక్టర్ ఆరులో, సైకిళ్ళ కాలంలో కట్టిన ఆ సన్నటి సందులో, ఏనుగుల్ని కట్టేసినట్టు వరసగా మూడు తెల్ల బండ్లు. మూడూ ఒకే మోడలు. పేరు చెప్పక్కర్లేదు, మీ వీధిలోనూ రెండుంటాయి. కారుకన్నా ఎత్తు, జీపుకన్నా మెత్తన. ఉంటే షికారు, ఎవరితో ఎక్కారో అని పుకారు, పెట్రోలు పోయలేకపోతే బేకారు!

కుర్రాడి పేరు ఇమ్మాను. భిలాయి ఉక్కు ప్లాంటులో, రైలు పట్టాలు చేసే రైల్ మిల్లులో ఎలక్ట్రీషియన్. ఎవరు 'ఇమ్ము' అన్నా ఇచ్చేసే రకం గనక ఆ పేరు అతికినట్టు సరిపోయింది. కొనడానికొచ్చిన పిల్ల పేరేమో అమ్ము. అమ్మేవాడు ఇమ్మాను, కొనేది అమ్ము. బేరం మొదలవకముందే వ్యాకరణం బోల్తాపడింది.

అమ్ము ఒక ప్రైవేటు ల్యాబులో రక్తపరీక్షలు చేస్తుంది. రిపోర్టు రానిదే దేన్నీ నమ్మదు. అది పుట్టుకతో వచ్చిన గుణం కాదు. పోయినేడాది ఆమెకి నిశ్చితార్థమైంది. పెళ్ళికొడుక్కి నాగపూర్‌లో మంచి ఉద్యోగమన్నారు. ఆ ఉద్యోగం ఊడి ఎనిమిది నెలలైందని ఉంగరాలు మార్చుకున్నాక తెలిసి, సంబంధం తెగిపోయింది. అతను అబద్ధమాడినందుకు కాదు, ఆ అబద్ధాన్ని తను నవ్వుతూ నమ్మేసినందుకు అమ్ము తనని తాను క్షమించుకోలేకపోయింది. ఇంకోసారి అలా జరిగితే మనుషుల్ని నమ్మే ఓపిక తనలో ఇక మిగలదని ఆమెకి తెలుసు.

ఇప్పుడీ బండి మామ్మ జోగమ్మ కోసం. వచ్చే నెలలో మోకాళ్ళ ఆపరేషన్. చిన్న కార్లో కూచుంటే మామ్మని లేపడానికి క్రేను కావాలి.

"మూడేళ్ళ బండి. గీత పడలేదు. ఎందుకు అమ్ముతున్నారు?" అడిగింది అమ్ము.

"బాగుంది కాబట్టి."

"మత్లబ్? అంటే?"

"పాడుబండైతే ఎవరూ అడగరు కదండీ. ఇది ఎత్తుగా ఉందని ముసలాళ్ళు అడుగుతారు. గోతుల్లో కుదపదని కడుపుతో ఉన్నవాళ్ళు అడుగుతారు. డిక్కీ పెద్దదని చర్చి క్వయర్ వాళ్ళు తబలాతో సహా వచ్చేస్తారు. బండి మాది, పెట్రోలు మాది, ప్రయాణం సెక్టర్ది. మా ఇంట్లోవాళ్ళం ఇందులో ఎక్కి ఆర్నెల్లయింది."

"కాదనొచ్చుగా?"

"ఆ మాట నాకు రాదండీ. తెలుగులోనూ రాదు, హిందీలోనూ రాదు. అందుకే ఇది అమ్మేసి స్కూటర్ కొంటా. రెండే సీట్లు."

"రెండో సీటెవరికి?"

"ఖాళీ. ఇన్‌స్పెక్షన్‌కి ఇంకా ఎవరూ రాలేదు."

అమ్ముకి నవ్వొచ్చింది. నవ్వొచ్చినందుకు కోపమొచ్చింది. నాగపూర్ వాడు కూడా మొదట నవ్వించాడు.

మర్నాడు సాయంత్రం ట్రయల్‌కి తండ్రినీ మామ్మనీ తీసుకొచ్చింది. తండ్రి త్రినాథరావు ప్లాంటులో ముప్పైనాలుగేళ్ళు మెయింటెనెన్స్ చేసి ఫోర్‌మన్‌గా రిటైరయ్యాడు. ఆయన కాఫీ తాగేముందు కూడా గ్లాసు తట్టి శబ్దం వింటాడు.

జోగమ్మ ముందు సీట్లో ఎక్కి కూచుని ఇటూ అటూ చూసింది. "ఓలమ్మా, ఎక్కినట్టే నేదే! మంచం మీద కూకున్నట్టున్నాది."

"నువ్వలా పొగడకే అమ్మా, రేటు పెరిగిపోద్ది," వెనకనుంచి త్రినాథరావు కసిరాడు. "ఏం బాబూ, మధ్యన కూకున్నోడు కాళ్ళెక్కడెట్టాల? ఇక్కడ నేల గుట్టలాగ లేసున్నాది."

"అది నిజమే అంకుల్. మధ్యలో సన్నవాళ్ళే కూర్చోవాలి."

"ఊళ్ళో లీటరుకి ఎంతిస్తాది?"

"పన్నెండు."

"నిజం చెప్పు."

"పదకొండున్నర."

"సూసినావా అమ్మూ! అర కిలోమీటరు దాసేసినాడు."

అమ్ము అప్పటికే వెనక సీటు సందుల్లో వేళ్ళు పెట్టి వెతుకుతోంది. కాసిని జిగినీ ముక్కలు, పసిపిల్ల సాక్సు, ఒంటి చెవిపోగు దొరికాయి. "ఇవెవరివి?"

"జిగినీ క్రిస్మస్ నాటకంలో దేవదూతలది. సాక్సు ఎదురింటి సుభాష్ భయ్యా వాళ్ళ పాపది." అద్దంలోంచి చూసి ఇమ్మాను ఆలోచించాడు. "పోగు... తెలీదండీ."

పోగు సీటు మీదే పెట్టి, ఫోనులో రాసుకుంది అమ్ము: 'చెవిపోగు. తెలీదట.'

బండి దిగాక త్రినాథరావు తన తీర్పు చెప్పాడు. సుపేలా బజారు మెకానిక్కు పోలయ్య వచ్చి ఇంజను చూడాలి, ఆ తర్వాతే మాట. ఈలోగా ఇంకెవరూ ఎగరేసుకుపోకూడదు. జేబులోంచి తాడున్న ఎర్ర అట్టముక్క తీశాడు.

అమ్ము నుదురు కొట్టుకుంది. ప్లాంటులో మరమ్మత్తులో ఉన్న మిషన్లకి కట్టే ట్యాగు అది. 'ముట్టరాదు' అని పెద్దక్షరాలు, కింద కట్టినవాళ్ళ పేరు. రిటైరైనా ఆయన ఆ అలవాటు వదల్లేదు. మిక్సీ పాడైతే ట్యాగు, ఆవకాయ ఊరుతుంటే జాడీకి ట్యాగు. లడ్డూల డబ్బాకి కట్టిన ట్యాగునైతే అమ్ము ఎన్నిసార్లు విప్పి కట్టిందో లెక్కలేదు. ఆమెకి అదో ఇంటి జోకు.

"కొనేది నువ్వు, నువ్వే కట్టు," అన్నాడు తండ్రి.

'కట్టినవారు: అమ్ము. ఎప్పటివరకు: పరీక్ష పూర్తయ్యేవరకు' అని రాసి, స్టీరింగుకి కట్టింది.

"ఒక ముడేటే? ఊడిపోద్ది. రూలు ప్రకారం మూడెయ్యాల."

మూడూ వేసి, అలవాటు కొద్దీ మీటరు ఫోటో తీసుకుంది. 28,416. తలెత్తితే ఇమ్మాను ముఖంలో నవ్వు లేదు. ట్యాగు మీది పేరు చదువుతున్నాడు, పరీక్ష హాల్లో ప్రశ్నపత్రం చదివినంత శ్రద్ధగా.

ఎందుకు నవ్వడం మానేశాడు? ఇంజను చూపిస్తామనగానే మానేశాడు. అదీ ఫోనులో రాసుకుంది.

పోలయ్య రేపన్నాడు, ఎల్లుండన్నాడు, చివరికి మేనకోడలి పెళ్ళని పలాస వెళ్ళిపోయాడు. మధ్యలో ఇమ్మాను రెండుసార్లు ఫోన్ చేశాడు.

"ఎత్తకు," అన్నాడు త్రినాథరావు. "బేరం మధ్యన ఫోనెత్తితే మనకే లోకువ."

మెసేజ్ వచ్చింది: 'ట్యాగు ఎప్పుడు విప్పుతారండీ?'

అంటే ఇంకో గిరాకీ తగిలిందన్నమాట! 'చూస్తాం' అని మాత్రం కొట్టింది అమ్ము.

'సరే. ఆగుతాను.'

ఆ 'ఆగుతాను' అన్న మాటని ఆమె రోజుకి నాలుగుసార్లు తెరిచి చూసుకుంది. అనుమానంతోనే సుమా! అయినా అనుమానానికి అన్నిసార్లు చూడక్కర్లేదని ఆమెకీ తెలుసు.

ఎనిమిదో రోజు సాయంత్రం భిలాయి మీద ఆకాశం కుండలతో కుమ్మరించింది. ల్యాబునుంచి వస్తూ అమ్ము సెక్టర్ ఆరు మార్కెట్లో ఒక షాపు చూరు కింద నిలబడింది. ఎదురుగా రోడ్డు మీద సైకిల్ తొక్కుకుంటూ ఇమ్మాను. తలనుంచి కాలిదాకా తడిసి ముద్దయ్యాడు. వెనక క్యారియర్ మీద వాళ్ళమ్మ డైసీ, ఒళ్ళో కూరల సంచి, చేతిలో కొడుక్కి పట్టలేక తనకి పట్టుకోలేక ఊగిపోతున్న గొడుగు.

అమ్ము గుండె జారి కాళ్ళ దగ్గరి వాన నీళ్ళలో పడింది.

ఇంట్లో ఏసీ బండి పెట్టుకుని కన్నతల్లిని వానలో సైకిల్ మీద తిప్పేవాడు ఎవడుంటాడు? బండి కదలదన్నమాట. ట్రయల్ నాటికి ఎలాగో అతుకులేసి నడిపించాడు. రెండోసారి. రెండోసారి తను నవ్వింది, నమ్మింది.

"నాన్నా, బండి క్యాన్సిల్. అది కదలదు. ఆ అబ్బాయి మోసం చేశాడు. వాళ్ళింటికే వెళ్తున్నా, మొహం మీద చెప్పేసొస్తా," అని ఫోన్ పెట్టేసింది.

ఇమ్మాను తుండుతో తల తుడుచుకుంటూ గేటు తీశాడు. "రండి... హాచ్!"

"ముందు తుమ్మకండి, నిజం చెప్పండి. బండికేమైంది?"

"ఏం కాలేదే!"

"బాగున్న బండి ఇంట్లో పెట్టుకుని వానలో సైకిలా? నేనేమన్నా పిచ్చిదాన్నా?"

అతను ఆమెని వింతగా చూశాడు. "మీరు కట్టారు కదండీ."

"ఏంటి?"

"ట్యాగు."

"అయితే?"

"అయితే ఏముంది? కట్టినవాళ్ళే విప్పాలి. అందుకే కదా ఫోన్లు చేశాను."

లోపల్నించి డైసీ చీర పిండుకుంటూ వచ్చింది. "నువ్వేనామ్మా ఆ ట్యాగు తల్లివి? వందనాలు. ఎనిమిది రోజులనించి మావాడు బండి తాళం ముట్టలేదు. క్వయర్ వాళ్ళొస్తే 'కుదరదు' అన్నాడు. పుట్టి ఇన్నేళ్ళొచ్చాక మొదటిసారి వాడి నోట ఆ మాట విన్నాను! నేనే విప్పేస్తానంటే నా చెయ్యి పట్టుకున్నాడు, 'పేరుందమ్మా దాని మీద' అని."

వరండాలో కుర్చీలో ఉన్న ఇమ్మాను తండ్రి మరియదాసు గొంతు సవరించుకున్నాడు. ఆయనదీ ప్లాంటు ఉద్యోగమే.

"తప్పు మావాడిది కాదమ్మా, నాది. చిన్నప్పుడు వాడికి కథలు చెప్పమంటే నాకు ఒకటే కథ వచ్చేది. ఒకసారి నేను పెద్ద మోటారు లోపల దూరి పనిచేస్తున్నాను. షిఫ్టు మారింది. కొత్తగా వచ్చినాయన స్విచ్ మీద చెయ్యి వేశాడు. నా ట్యాగు కనబడింది. నా పేరు చదివాడు, చెయ్యి తీసేశాడు. ఆ మనిషెవరో నాకివాళ్టికీ తెలీదు. ఆయన ఆగాడు గనక నేనున్నాను. తర్వాత రెండేళ్ళకి వీడు పుట్టాడు."

అమ్ము వెనక్కి తిరిగింది. కాళ్ళు వాటంతట అవే బండి దగ్గరికి నడిచాయి. బండి కింద, తడవని చోట పిల్లి నిద్రపోతోంది. టైర్ల చుట్టూ గుల్‌మొహర్ ఆకులు కదలకుండా పేరుకున్నాయి. ఇమ్మాను తాళం ఇచ్చాడు. తలుపు తీసి మీటరు చూసింది, ఫోనులో ఫోటో చూసింది.

28,416. 28,416.

ఎన్నో వందల రిపోర్టులు చూసింది గానీ, ఒక మనిషి గురించి ఇంత స్పష్టమైన రిపోర్టు ఆమె చేతికి ఇదివరకెప్పుడూ రాలేదు. వానలో తడిసి, తల్లిని తడిపి, జలుబు తెచ్చుకుని కాపాడింది ఏమిటి? తను ఆటకి రాసిన రెండక్షరాల పేరు. దాన్ని లోకం త్యాగం అంటుందేమో, భిలాయిలో మాత్రం 'ట్యాగం' అనాలి.

సీటు మీద ఒంటి చెవిపోగు అలాగే ఉంది. అమ్ము దాన్ని తీసుకొచ్చి చూపించింది. "ఇదొక్కటే మిగిలింది. ఎవరిది?"

"ఓరి దేవుడా, నాదే!" డైసీ లాక్కున్నంత పని చేసింది. "ఆర్నెల్ల కిందట పోయింది. ఇల్లంతా వెతికాను, సొంత బండి ఎక్కితే కదా దొరకడానికి!"

ఫోనులోని అనుమానాల జాబితాని అమ్ము మొత్తం చెరిపేసింది. ఒక్కొక్కటీ కాదు, ఒకేసారి.

"సారీ," అంది ఇమ్మానుతో. "నాకు నమ్మడం చేతకావట్లేదు. పోయినేడాది..."

"మీరు చెప్పక్కర్లేదు."

"చెప్తాను. కానీ ఇవాళ కాదు. స్కూటర్ కొన్నాక."

అతను తుమ్మబోయి ఆగిపోయాడు. "రెండో సీటు... సచ్చీ? నిజంగానా?"

ఆమె బండి దగ్గరికి వెళ్ళింది. వంగి స్టీరింగుకున్న మూడు ముళ్ళూ ఒక్కొక్కటే విప్పింది. ట్యాగు చేతిలోకి తీసుకుని, ఒక్క క్షణం ఆలోచించి, "చెయ్యి చాపండి," అంది.

అతను చాపాడు. ఆ చేతికి ట్యాగు కడుతుండగా గేటు ముందు ఆటో ఆగింది. మోసగాడి మీద యుద్ధానికి త్రినాథరావు గొడుగు ఎత్తి పట్టుకుని దిగాడు. వెనకే కర్రతో జోగమ్మ.

"కదలని బండిని అంటగడతాడా? ఏడీ ఆ..." ఆయన మాట అక్కడే ఆగింది. అమ్ము ఇంజను ఆన్ చేసింది. అది పిల్లిని లేపేసి హాయిగా గుర్రుమంది.

జోగమ్మ ఎవరి అనుమతీ అడగలేదు. తిన్నగా వెళ్ళి ముందు సీట్లో కూచుని, "ఓలే, ఆ కుర్రోడి సేతికేటే ఆ ఎర్ర బిళ్ళ?" అంది.

"ఇన్‌స్పెక్షన్, మామ్మా."

"ఎన్నాళ్ళే?"

"దానిమీద రాసుంది కదా. పూర్తయ్యేవరకు."

త్రినాథరావు దగ్గరికొచ్చి, ఇమ్మాను ముంజేయి పట్టుకుని తాడు లాగి చూశాడు. కూతురి ముఖం చూశాడు. ఏడాదిగా ఆ ముఖంలో లేనిదేదో ఇవాళ ఉంది. మళ్ళీ తాడు చూశాడు.

"ఒక ముడేటే?" అన్నాడు. "రూలు ప్రకారం మూడెయ్యాల."

"మాకు ఉంగరాలు కూడా ఉండాలి అన్నయ్యగారూ," అంది డైసీ.

"అలగే చెల్లెమ్మా. రెండూ కానిద్దాం." వెంటనే పాత గుణం గుర్తొచ్చి మరియదాసు వైపు తిరిగాడు. "అయితే బండి మీరు మాకు అమ్మి, కోడలితో పాటు మళ్ళీ ఎనక్కి లాగేసుకుంటారేటి?"

జోగమ్మ హారన్ నొక్కింది. "మాటలాపి కదపండ్రా. ఏడేడి జిలేబీ తిందాం, వాన ఎలిసింది."

మరియదాసు స్టీరింగు పట్టాడు. డైసీ, త్రినాథరావు వెనక ఎక్కారు. "ఇంకొకరికి సోటున్నాది, అమ్మూ రా," అన్నాడు తండ్రి.

జోగమ్మ తన కర్రని తీసి వెనక సీటు ఖాళీలో అడ్డంగా పెట్టింది. "నేదు. అది నా కర్రకి గావాల."

తెల్ల బండి సందు మలుపు తిరిగింది. వెనకే సైకిల్. తొక్కుతున్నవాడి చేతికి ఎర్ర ట్యాగు రెపరెపలాడుతోంది, క్యారియర్ మీద కూచున్నామె దాన్నే చూస్తోంది, ఊడిపోతుందేమోనని. ముందు వెళ్తున్న బండిలో 28,416 కాస్తా 28,417 అయింది.