చెల్లెలి తోట, అక్క సాక్ష్యం

"అక్కా! నేను తాళం పగలగొట్టి దూరానా? ఈ మాట నువ్వు రాయించావా, బావగారు రాయించారా... అదొక్కటి చెప్పు చాలు!"

కోర్టు నోటీసు పట్టుకుని చిన్నది గుమ్మంలో నిలబడి ఏడుస్తోంది. కాళ్ళకు చెప్పుల్లేవు, చేతుల నిండా మట్టి. మొక్కలకు నీళ్ళు పెడుతున్నది పెడుతున్నట్టే వదిలేసి పరుగెత్తుకొచ్చింది పాపం! పెద్దది మాత్రం పొయ్యి దగ్గరనుంచి కదల్లేదు. "నాకేం తెలుసే? అంతా మీ బావగారి వ్యవహారం" అంది గిన్నెలో గరిటె తిప్పుతూ. ఎంత అబద్ధం! దావా కాగితం మీద సంతకం తనది. స్థలం తన పేర ఉంది కాబట్టి దావా వేసిందీ తనే.

చిన్నది కాసేపు అక్క వీపు వైపు చూసి, చెంగుతో ముఖం తుడుచుకుని వెళ్ళిపోయింది.

అసూయ ఎరగని మనిషి ఎవరైనా ఉంటే చూపించండి, దణ్ణం పెడతాను! పెద్దదానికి అది ఎనిమిదేళ్ళ రోగం. వాళ్ళ నాన్న వడ్రంగి. ఉన్న ఒక్క స్థలాన్నీ వీలునామాలో పెద్దకూతురికి రాశాడు. చిన్నదానికి మొక్కలంటే ప్రాణమని, పదేళ్ళపాటు ఆ స్థలంలో మొక్కల తోట పెట్టుకోమని ఒక తెల్లకాగితం మీద కౌలు రాసిచ్చాడు. ఇద్దరికీ న్యాయం చేశాననుకున్నాడు పిచ్చి మారాజు! కానీ ఆ రోజునుంచి సాయంత్రమయ్యేసరికి ఆయన కుర్చీ చిన్నదాని తోటలోనే. పెద్దదాని అద్దె ఇల్లు తోట పక్కనే, మేడ మీద. వంటింటి కిటికీ తెరిస్తే కింద తోటంతా కనబడుతుంది. నాన్న నవ్వు వినబడుతుంది, చెల్లెలు అందించే టీ గ్లాసు కనబడుతుంది. నాకు దక్కింది కాగితం, దానికి దక్కింది నాన్న... అనుకుంటూ ఎన్ని కూరలు మాడ్చిందో ఆ మహాతల్లి! రెండేళ్ళ కిందట ఆయన కన్నుమూశాక కూడా ఆ మంట చల్లారలేదు.

అందుకే భర్త "అక్కడ మనం ఇల్లు కట్టుకుందాం" అనగానే తలూపింది. ప్లీడరుగారు కూడా భరోసా ఇచ్చారు. ఏడాదికి మించిన కౌలు రిజిస్టర్ చేయించాలి, చేయించకపోతే అందులోని గడువు చెల్లదు. ఇక మిగిలింది చిన్నది నాన్న ఉండగా ఆయన ఒప్పుకోలుతో వచ్చిందా, తరవాత దూరిందా అన్న ఒక్క ప్రశ్నే. "నాన్న పోయాక మీ చెల్లెలు దౌర్జన్యంగా దూరిందని చెప్పండమ్మా. చాలు, మిగతాది నేను చూసుకుంటా."

కోర్టు హాల్లో ఫ్యాను కిర్రుమంటోంది. పెద్దది బోనులో నిలబడి నేర్పించిన మాట నేర్పించినట్టే చెప్పింది. భర్త ముఖం వెలిగిపోయింది. చిన్నది తలెత్తలేదు.

చిన్నదాని తరఫు లాయరమ్మ తాపీగా లేచింది. కళ్ళజోడు సర్దుకుంటూ, "అంతకుముందు అక్కడ తోట లేదంటారా?" అని అడిగింది.

"ఉంది. మా నాన్నది."

"అంటే ఆ గులాబీలూ, ఆ నిమ్మ అంట్లూ అన్నీ మీ నాన్నగారు పెంచినవేనన్నమాట. మీ చెల్లెలు వేలు కూడా పెట్టలేదు. అంతేగా?"

ఔనని తలూపితే అయిపోయేది... కానీ పెద్దదానికి ఒళ్ళు మండింది! ఎనిమిదేళ్ళు కడుపులో కుతకుతలాడినది ఒక్కసారి పొంగింది.

"నాన్నా! నాన్నకి గులాబీకీ మందారానికీ తేడా తెలుసా అసలు? ఆయనకి తెలిసింది ఉలీ, చిత్రికే! అన్నీ అదే పెంచిందండీ! మొదటి ఏడాది నూట ఇరవై మొక్కలు నాటింది, తొంభై చచ్చాయి. చచ్చాయని నేను సంతోషించాను! రెండో ఏడు పైపులు తనే మోసుకొచ్చి వేసుకుంది. ఏడో నెల కడుపుతో ఉండి కూడా గొప్పు తవ్వింది. అది ఎడంచేతి వాటం మనిషి, అంట్లన్నీ ఎడంపక్కకి ముడి పడతాయి. వెళ్ళి చూసుకోండి, ఒక్కటైనా కుడిపక్కకి ఉంటే నన్నడగండి!"

"అమ్మా!" అని అరిచాడు ప్లీడరు. భర్త బెంచీ మీంచి లేచి నిలబడ్డాడు.

జడ్జిగారు కలం కింద పెట్టారు. "ఇందాక వేరేగా చెప్పారు కదమ్మా. ఇంత వివరంగా మీకెలా గుర్తుంది?"

పెద్దది చెల్లెలి వైపు చూసింది. "ఓర్వలేక చూశానండీ... రోజూ, ఎనిమిదేళ్ళు... కడుపుమంటతో చూసినవి మరిచిపోతామా! ఇందాక చెప్పింది అబద్ధం. అది దౌర్జన్యంగా దూరలేదు. మొదట్నుంచీ అక్కడే ఉంది."

దావా తేలేవరకు చిన్నదాన్ని అక్కణ్ణుంచి కదిలించకూడదని ఆ సాయంత్రమే ఉత్తర్వు వచ్చింది. "నీ నోటితో నువ్వే మన నోట్లో మట్టి కొట్టావు!" అని భర్త విసవిసా స్కూటరెక్కి వెళ్ళిపోయాడు. పెద్దది వరండాలో బెంచీ మీద కూలబడింది. పక్కనే ఎవరో కూర్చున్నట్టయింది. చూడక్కర్లేదు, మట్టివాసన చెప్పింది.

"తిట్టవే" అంది పెద్దది. "తిట్టు. నీకా హక్కుంది."

"తిట్టను గానీ... రోజూ చూస్తున్నదానివి ఒక్కసారి కిందికి దిగి రాలేకపోయావా అక్కా?"

"నువ్వు పిలుస్తావేమోనని చూశానే!"

చిన్నదానికి ఏడుపులోనే నవ్వొచ్చింది. "నాకు మాత్రం ఏడుపు లేదనుకున్నావా? స్థలం నీ పేర రాశాడని నేనెంత కుళ్ళుకున్నానో! ఆ కుళ్ళుతోనే, కౌలైనా రిజిస్టర్ చేయించమని నాన్న ప్రాణం తీశాను. ఎన్ని చెప్పినా వినలేదు."

"ఏం? ఆఫీసు చుట్టూ తిరగాలని బద్ధకమా?"

చిన్నది అక్క చెయ్యి తన ఒళ్ళోకి తీసుకుంది.

"'అది మీ అక్క స్థలమే పిచ్చిదానా! మీ అక్క నిన్ను వెళ్ళగొడుతుందా? ఇప్పుడు పోయి ముద్ర వేయిస్తే పెద్దదాన్ని నమ్మనట్టు కాదూ? దాని మనసు ఎంత కష్టపడుతుంది!' అన్నాడు."

పెద్దది చెయ్యి వెనక్కి లాక్కోబోయింది, చిన్నది వదల్లేదు.

"ఈ మాట... ఈ మాట కోర్టులో చెప్పలేదేమే?" అంది.

"ఎలా చెప్పనక్కా? నువ్వు బోనులో ఉన్నావుగా... అందరి ముందూ నీ తల వంగిపోదూ!"

"నాన్నా!" అంటూ పెద్దది చెల్లెలి భుజం మీద వాలి బావురుమంది. చుట్టూ ఉన్నవాళ్ళు దావా ఓడిపోయినావిడ కాబోలనుకుని జాలిగా పక్కకు తప్పుకున్నారు.