మడ్‌గార్డు మీద నీలిరంగు

"అక్కా... ఈ రంగు నేను కలిపిందే!"

ఆ ఉదయమే పోలీస్ స్టేషన్ నుంచి ఇంటికొచ్చిన స్కూటరుకు పట్టిన బురద కడుగుతున్న తమ్ముడు, వెనక మడ్‌గార్డు మీద అంటుకున్న నీలిరంగు గీత చూసి చతికిలబడిపోయాడు. బళ్ళకు రంగులు వేయడం అతని పని. మూడు నెలల క్రితం భర్తను పొట్టనబెట్టుకున్న ఆ బండిని చూసి అప్పటికే కుమిలిపోతున్న ఆమె గబగబా వచ్చి వంగి చూసింది. నష్టపరిహారం కేసు వేసింది లారీ మీద కదా... ఆ లారీ ఎర్రది కదా!

"ఇది డబ్బాలో దొరికే నీలం కాదక్కా. రంగు చాలక, ఆకుపచ్చ కలిపి ఒకే ఒక్క బండికి వేశాను... బావ వాళ్ళ అన్నయ్య వ్యానుకి!"

వానలో పడి ఉన్న భర్తను ఆస్పత్రికి చేర్చింది ఆ లారీ డ్రైవరే. ఆగి సాయం చేసినందుకు అతనికి దక్కిన బహుమానం, కేసు! "లారీయే గుద్దింది, వెనకాలే వస్తూ కళ్ళారా చూశాను" అని సాక్ష్యం చెప్పింది మరెవరో కాదు... ఆ వ్యాను నడిపే బావగారే!

రేపటి వాయిదాకు కాగితాలు తెచ్చిన ఆ బావగారు గుమ్మంలోనే ఉన్నారు. ఏ రంగు, ఏమిటి అని కూడా అడగలేదాయన.

"వానలో సరిగ్గా కనబడలేదమ్మా! అద్దంలో చూస్తే ఎవరో పడ్డట్టనిపించింది... తమ్ముడని తెలియదు!"

"ఎవరో అయితే వదిలేసి పోతారా బావగారూ! ఆస్పత్రిలో నా పక్కన కూర్చుని ఏడ్చారే... అప్పుడైనా చెప్పాలనిపించలేదా?"

మాటలు విని బయటికొచ్చిన తల్లి కాళ్ళ మీద పడ్డారాయన. "అమ్మా, నువ్వైనా చెప్పు! నేనూ జైలుకి పోతే నీకెవరున్నారు?"

అత్తయ్య పెద్దకొడుకు వంక చూసింది. కళ్ళు ధారలు కడుతున్నా గొంతు మాత్రం వణకలేదు.

"నాకు కోడలుంది. నువ్వు లే... ఏ పాపం ఎరగని ఆ లారీ డ్రైవరుకీ ఒక తల్లి ఉంటుందిరా!"

కోడలు లాయరుగారికి ఫోన్ చేసింది. "గుద్దింది లారీ కాదండీ... వ్యాను. నంబరు రాసుకోండి..." రెండంకెలు చెప్పేసరికే ఏడుపు ముంచుకొచ్చింది.

అత్తయ్య ఆమె చేతిలోంచి ఫోన్ తీసుకుని, మిగతా అంకెలు తానే చెప్పింది.