మూసిన తలుపు మీద ఒక లైను

ఐదేళ్లపాటు ఒక జపాన్ యానిమే కార్టూన్ సిరీస్‌కి తెలుగు సబ్‌టైటిల్స్ రాశాను. జీతం లేదు, భత్యం లేదు, ఒట్టి పిచ్చి. బూడిద వానలో ప్రపంచం అంతమైపోతుంటే, ఎర్ర స్కార్ఫ్ కట్టుకున్న ఒక అమ్మాయి ప్రాణాలు దక్కించుకోవాలని తిరుగుతూ ఉంటుంది. తీరా చివరి ఎపిసోడ్‌లో ఏం చూపించారు? ఒక మూసిన తలుపు. మాటా పలుకూ లేకుండా నాలుగు నిమిషాలు అదే తలుపు, ఆ వెంటనే శుభం కార్డు.

నాకు ఒళ్లు మండిపోయింది. అభిమానుల గ్రూపులో అందరూ దుమ్మెత్తి పోస్తున్నారు. ఒకాయన ఐదేళ్లుగా కూడబెట్టిన ఆ సిరీస్ బొమ్మలన్నీ చెత్తబుట్టలో పడేసి ఫొటో పెట్టాడు. మా చెల్లి మాత్రం ఎవర్నీ తిట్టలేదు. జబ్బుతో మంచం పట్టిన ఏడాదంతా దానికి తోడు ఆ స్కార్ఫ్ పిల్లే. "బతికుందో లేదో కూడా చెప్పలేదక్కా" అని, ముద్ద ముట్టకుండా గోడవైపు తిరిగి పడుకుంది.

మా పనిలో ఒకటే నియమం. ఎవరూ మాట్లాడనిచోట అక్షరం పడకూడదు. టైమింగ్ సరిచూసే మాస్టారు మొదటిరోజే ఆ మాట చెప్పారు. ఆ సాయంత్రం కోపంలో దాన్ని గాలికొదిలేశాను. మూడో నిమిషంలో, మూసిన తలుపు మీద ఒక లైను పెట్టాను: "నేను బతికే ఉన్నాను. తలుపు తియ్యండి." ఆ ఫైలు అలాగే గ్రూపులో పెట్టేశాను.

ఆ లైను చూపించగానే చెల్లి లేచి అన్నం తింది. ముందుగదిలో టాబ్లెట్ పెట్టుకుని ఆ ఎపిసోడ్ మళ్లీ మొదటినుంచీ చూడ్డం మొదలెట్టింది. నాకు కడుపు నిండినట్టయింది.

కాసేపటికి మాస్టారు ఫోన్ చేశారు. సిగ్నల్ కోసం వెనక బాల్కనీలోకి వెళ్లాను. ఆయన గొంతు బాగా తగ్గించి మాట్లాడుతున్నారు.

"ఆ లైను తీసెయ్యమ్మా. మూడో నిమిషం రాగానే మా తలుపు ఎవరో కొడుతున్నారు. మూడుసార్లు చూశాను. మూడుసార్లూ..."

నవ్వబోయి, గ్రూపు తెరిచి చూశాను. అందరూ అదే అడుగుతున్నారు. మీ తలుపు కూడా ఎవరైనా కొట్టారా అని. తలుపు తీసి చూస్తానని రాసినావిడ ఆ తర్వాత ఏమీ రాయలేదు.

తడిసిన బూడిద వాసన... ఇంట్లోంచే వస్తోంది.

ముందుగదిలోకి పరిగెత్తాను. చెల్లి సోఫాలోనే ఉంది. తలుపుకి గడియ వేసే ఉంది. హమ్మయ్య అనుకున్నాను.

"ఎవరైనా తలుపు కొట్టారా?" అన్నాను మెల్లగా.

"కొట్టారుగా. నువ్వే వచ్చి తీశావు. మళ్లీ గడియ పెట్టి నీ గదిలోకెళ్లావు."

నా గది తలుపు దగ్గరగా వేసి ఉంది. లోపల కీబోర్డు చప్పుడు. టక... టక... టక.

చెల్లి చేతిలోని తెరమీద అదే మూసిన తలుపు. దాని కింద ఒక్కో అక్షరమే పడుతోంది.

"చెల్లీ, నీ ముందున్నది మీ అక్క కాదు."

చెల్లి చదివింది. తలెత్తి నా వంక చూసింది. "నేనేనే, మీ అక్కని" అంటూ ఒక అడుగు ముందుకేశాను.

అది లేచి, నా మీంచి చూపు తిప్పకుండా, ఒక్కో అడుగూ వెనక్కి వేస్తోంది.

నా గది వైపు...