చిరిగిన జేబు

ఢాం!

గోడ పెచ్చు ఎగిరొచ్చి లిఫ్టక్క చెంప గీసుకుపోయింది.

ఆగలేదు. చెంప తడుముకోను కూడా లేదు. మెట్లు రెండేసి... మూడేసి... దూకుతున్నట్టే దిగుతోంది. యాభై రెండేళ్ల మోకాళ్లు మరి! ‘ఇవాళొక్క రోజు నా మాట వినండే, రేపట్నుంచి మీ ఇష్టం’ అని వాటిని బతిమాలుకుంటోంది.

పైనుంచి ఓనరు అరుపు.

“ఆగు! నిన్నేం చెయ్యను! కూర్చుని మాట్లాడుకుందాం!”

చేతిలో పిస్టలు పెట్టుకుని కూర్చుందాం రమ్మనే మనిషితో మాటలేమిటి!

మూడో అంతస్తు.

ఆదివారం సాయంత్రం. ఆఫీసులన్నీ మూత. ఆరంతస్తుల బిల్డింగులో ఉన్నది ముగ్గురే. పరిగెత్తేది ఒకరు. తరిమేది ఒకరు. మూడో మనిషి నాలుగో అంతస్తు వరండాలో, తొడలో గుండు దిగి పడి ఉన్నాడు. వాచ్‌మన్ బాబాయ్.

అసలు ఆమె ఇవాళ ఇక్కడ ఉండాల్సిన మనిషే కాదు. ఈ లిఫ్టు సర్వీసింగు రేపు. రేపు మనవరాలి స్కూల్లో మీటింగు ఉంది కాబట్టి ఇవాళే వచ్చి పడింది. అంతే. ఆ పిల్ల స్కూలు వాళ్లు మంగళవారం రమ్మని ఉంటే, ఈ సరికి ఇంట్లో కాళ్లు చాపుకుని టీ తాగుతూ ఉండేది.

రెండో అంతస్తు.

ఈ వీధిలో ఏ లిఫ్టు మొరాయించినా కబురు ఆమెకే. సొంత పేరు ఆమే మర్చిపోయింది, అందరికీ లిఫ్టక్క. ఒంటి మీద పోయిన భర్త ఖాకీ చొక్కా. ఆ చొక్కా జేబులో, పరుగుకి దడదడమని గుండెకి కొట్టుకుంటూ, అరచేతి అంత పింగాణీ ఫ్యూజు.

ఈ పనిలో మొదటి పాఠం అదే. లిఫ్టు మీద చెయ్యి వేసే ముందు, పైన మెషిన్ రూములో ఫ్యూజు పీకి సొంత జేబులో వేసుకోవాలి. ఎవరు పని చేస్తే వాళ్ల జేబులోనే. ఫ్యూజు నీ దగ్గర ఉన్నంతసేపూ నీ ప్రాణం నీ దగ్గర ఉన్నట్టే. లిఫ్టుని ఇంకెవరూ కదిలించలేరు.

పదకొండేళ్ల కిందట ఇదే బిల్డింగులో ఆమె భర్తా అలాగే పీకాడు. కానీ జేబు చిరిగి ఉంది. మెషిన్ రూము కిటికీ గట్టు మీద పెట్టి, లిఫ్టు డబ్బా పైకప్పు మీద కూర్చుని పని చేసుకుంటున్నాడు. ఎవరో తెలియక ఫ్యూజు తగిలించేశారన్నారు.

లిఫ్టు పైకి కదిలింది.

పైన కప్పుకీ డబ్బాకీ మధ్య ఆయన...

ముందు రోజు రాత్రి “జేబు కుట్టవే” అని చొక్కా ఇచ్చాడు. సూదిలో దారం ఎక్కిస్తూ ఎక్కిస్తూనే నిద్రపోయింది! పదకొండేళ్లుగా ఆ సూది ఆమె గుండెలో గుచ్చుకునే ఉంది. ఆయనవి మిగిలిన చొక్కాలన్నిటికీ జేబులు నాలుగేసి వరసలు కుట్టుకుంది. ఏం లాభం?

మొదటి అంతస్తు... కింద హాలు!

ఎదురుగా ఇనప షట్టరు. షట్టర్లో చిన్న తలుపు. తెరిచే ఉంది! అవతల వీధి, వెలుతురు, హారన్లు.

ఒక్క అడుగు. బతికిపోతుంది.

ఆ ఒక్క అడుగు వేసింది కూడా. వీధికి అవతల మందుల షాపు.

“అన్నా! పోలీసులకి ఫోన్ చెయ్యి! అంబులెన్సుకి కూడా! నాలుగో అంతస్తులో బాబాయ్‌ని కాల్చేశారు!”

షాపాయన నోరు తెరుచుకుని చూస్తున్నాడు.

“చూస్తావేంటి! చెయ్యి!”

ఆయన ఫోన్ అందుకున్నాడు. వాళ్లు రావడానికి తక్కువలో తక్కువ పది నిమిషాలు. ఆమె దొరకలేదని తెలిసిన మరుక్షణం ఓనరు ఏం చేస్తాడు? వెనక్కెళ్లి బాబాయ్ పని పూర్తి చేస్తాడు. పదకొండేళ్ల నాటి నిజం తెలిసిన ఒకే ఒక్క నోరు మూతపడుతుంది.

ఆ నిజం ఆమె చెవిన పడి పావుగంటయినా కాలేదు. లిఫ్టు గొయ్యి గొట్టం లాంటిది. ఏ అంతస్తులో గుసగుసలాడినా పైన మెషిన్ రూములో వినపడుతుంది. నాలుగో అంతస్తులో బాబాయ్ గొంతు...

“రేపట్నుంచి నాకు డ్యూటీ లేదు. ఇక మీరు నాకు సారు కాదు. అందుకే చెప్తున్నా. ఆ రోజు కింద మీ మామగారు లిఫ్టు కోసం నిలబడ్డారు. లోపల మనిషున్నాడు, రెండు నిమిషాలు ఆగండి సార్ అని మీ కాళ్లు పట్టుకున్నా. ‘తప్పుకుంటాడులే’ అని మీ చేత్తో ఫ్యూజు పెట్టారు. పాపం లిఫ్టక్క ఇన్నేళ్లూ తన ఖర్మే అనుకుని ఏడుస్తోంది. రేపు చెప్పేస్తా.”

“వచ్చేవారం ఎలక్షనురా నాకు!”

“అది మీ గొడవ.”

ఢాం!

ఆ చప్పుడుకి ఆమె కిందికి పరిగెత్తుకొస్తే, పిస్టలు ఆమె వైపు తిరిగింది. పదకొండేళ్ల కిందట ఈయన ఒట్టి మేనేజరు. ఇప్పుడు మామగారి బిల్డింగుకే ఓనరు. లైసెన్సు పిస్టలు షోకుకి నడుముకి వేలాడుతూ ఉండేది. ఇవాళ దానికీ పని దొరికింది.

ముందు మెట్ల మీద బూట్ల చప్పుడు దగ్గరవుతోంది.

తలుపు తెరిచే ఉంది.

లిఫ్టక్క దాన్ని బయటి నుంచి చూసింది. ఒక్క క్షణం.

మళ్లీ లోపలికే వచ్చింది!

హాలు వెనక వైపు, చెత్త దింపే ఇనప మెట్లు. చెప్పులు విడిచి ఎక్కుతోంది. ఒకటి... రెండు... ఊపిరి కొలిమిలా కాలుతోంది. మూడు... నాలుగు!

బాబాయ్ గోడకి ఆనుకుని ఉన్నాడు. కింద నెత్తురు మడుగు. ఆమె స్కార్ఫు లాగి తొడకి బిగించింది.

“నువ్వు పోలేదా తల్లీ?”

“పోయొచ్చా.”

“పిచ్చిదానా! పో! నన్నొదిలెయ్!”

“నువ్వు నోరు మూసుకుని, కళ్లు తెరుచుకుని ఉండు బాబాయ్. అది చాలు.”

ఓనరు రొప్పుకుంటూ దిగి ఇప్పటికి హాల్లోకి చేరాడు. షట్టరు తలుపు దడేల్మని మూసిన చప్పుడు. ఆయాసం... ఈలలా! ఒళ్లు బలిసిన మనిషి. నాలుగంతస్తులు దిగేసరికే గుండెలు పట్టుకున్నాడు. ఇక ఎక్కడం ఒకటా!

లిఫ్టక్కకి ఆ ఈల వింటూనే మెరిసింది.

ఈ మనిషికి అప్పుడూ ఆగడం రాదు. ఇప్పుడూ రాదు.

లిఫ్టు ఎక్కడుంది? కిందే. ఆయన ముక్కు ముందే, చీకటిగా చచ్చి పడుంది.

లిఫ్టు గొయ్యి జాలీ తలుపు దగ్గర నోరు పెట్టి గట్టిగా అరిచింది.

“బాబాయ్! ఫ్యూజు పెట్టొస్తా! లిఫ్టులో దింపేస్తా నిన్ను!”

అయిదు... ఆరు... డాబా... మెషిన్ రూము!

జేబులోంచి ఫ్యూజు తీసింది. తగిలించింది. మోటారు గుర్రుమంది.

ఎక్కుతాడా?

మెట్లెక్కి వస్తే బాబాయ్ పోయినట్టే. తనూ పోయినట్టే. ఎవరూ ఆయన్ని లిఫ్టులోకి తోయడం లేదు. ఎక్కాలో మానాలో ఆయనే తేల్చుకోవాలి.

కింది చప్పుళ్లకి చెవి ఒగ్గింది.

జాలీ తలుపు... కిర్ర్‌ర్...

ఎక్కాడు!

చక్రం తిరుగుతోంది. తాళ్లు పాకుతున్నాయి. ఆమె పెదాలు లెక్కపెడుతున్నాయి. ఒకటి... రెండు... మూడు... మూడుంపావు... మూడున్నర...

పీకింది!

చీకటి. లిఫ్టు ఒక్క కుదుపుతో ఆగిపోయింది. కింది నుంచి బూతు.

ఫ్యూజు జేబులో వేసుకుంది. నాలుగు వరసల కుట్టు. తడిమి చూసుకుంది.

“ఏయ్! లిఫ్టక్కా! ఆడుకుంటున్నావా?”

తాళ్లు దిగే కన్నం దగ్గర మోకాళ్ల మీద కూర్చుంది.

“లేదు సార్. డ్యూటీలో ఉన్నా.”

“ఫ్యూజు పెట్టు! నీకేం కావాలో అడుగు!”

“మా ఆయన కావాలి. ఇస్తారా?”

తర్వాత గొంతు మారింది. తేనె!

“చూడమ్మా... అది ఖర్మమ్మా. నీ మొగుడి జేబు చిరగడం ఎవరి తప్పు? కుట్టకుండా నిద్రపోయింది ఎవరు? నువ్వే కదా, పోలీసుల ముందు ఏడుస్తూ చెప్పావు.”

పదకొండేళ్ల సూది. సరిగ్గా అక్కడే పొడిచాడు.

ఆమె పక్కనే బ్రేకు లివరు. ఎర్ర రంగు. అది ఎత్తితే చాలు. ఫ్యూజుతో పని లేదు. తాళ్ల అవతలి కొసకి వేలాడే తూకం బండ బరువుకి, ఒక్క మనిషున్న డబ్బా పైకి దూసుకొచ్చి కప్పుకి గుద్దుకుంటుంది. ఆయన పోయినట్టే... ఈయనా.

చెయ్యి లివరు మీదకి వెళ్లింది.

చల్లగా ఉంది.

నిమిషం... అంతకంటే ఎక్కువో...

చెయ్యి తీసేసింది.

“జేబు చిరగడం ఖర్మ. నాకు నిద్ర పట్టడం ఖర్మ. మీ మామ ఆ వేళకే ఊడిపడటం ఖర్మ. అన్నీ ఒప్పుకుంటా. లోపల మనిషున్నాడని చెప్పినా ఫ్యూజు పెట్టావే... అది ఖర్మ కాదురా! అది నీ చెయ్యి!”

సార్ పోయింది. మీరు పోయింది. ఆ పిలుపుతో పాటు ఆమె గుండెలోంచి సూది కూడా ఊడి ఎక్కడో పడిపోయింది.

“అయితే నన్నూ చంపు! దమ్ముంటే!”

“నేను లిఫ్టు మెకానిక్‌ని. లోపల మనిషుండగా ఏం చెయ్యకూడదో నాకు తెలుసు. నీలా కాదు.”

నవ్వు. ఇనప డబ్బాలో గింగిరాలు తిరుగుతూ వచ్చింది.

“సాక్ష్యం ఏది? ముసలాడు ఈపాటికి చచ్చుంటాడు! దొంగతనానికొచ్చి కాల్చావని నేను చెప్తా. నీ మాట ఎవడు వింటాడే?”

డబ్బా నెత్తి మీద, నాలుగో అంతస్తు జాలీ వెనక నుంచి, సన్నగా...

“చావలేదు సార్. వింటూనే ఉన్నా.”

లిఫ్టులో కాళ్ల చప్పుడు. పిస్టలు ఎత్తిన కటకట.

లిఫ్టక్క అదిరిపడింది.

“పేల్చకు! నాలుగు పక్కలా ఇనుమే! పైనా ఇనుమే! గుండు ఎటు తిరుగుతుందో నాకే తెలీదు! పేల్చకురా!”

“నువ్వెవతివే నాకు చెప్పడానికి!”

ఢాం!

టింగ్... టింగ్... టక్!

తర్వాత కేక. పందిని పొడిచినట్టు.

“మోకాలు! అమ్మో... నా మోకాలు!”

గుండు ఎటు తిరగాలో అది చూసుకుంది. నొక్కింది మాత్రం ఆయన వేలే.

కింద షట్టరు దబదబ కొడుతున్నారు. చిన్న తలుపు ఊడిపడింది. సైరన్! మందుల షాపాయన గొంతు. పోలీసుల బూట్లు. స్ట్రెచరు చక్రాలు.

హాల్లోంచి ఎవరో పైకి అరిచారు. “లిఫ్టు పనిచేస్తుందా?”

“చెయ్యదు బాబూ! మెట్లెక్కండి! నాలుగో అంతస్తు! ముందు మా బాబాయ్!”

“మరి లిఫ్టులో ఎవరో అరుస్తున్నారు?”

లిఫ్టక్క జేబు మీద చెయ్యి వేసుకుంది.

“రెండు నిమిషాలు ఆగమనండి.”