నీలం తలుపుల ఇంట్లో ఎవరూ లేరు

సొకోర్రో పేరెత్తితే చాలు, ముందు అడిగేది ఆ నీలం తలుపుల ఇంటి గురించే. వెండి గని మూతపడ్డాక జనం మూటాముల్లె సర్దుకుని వెళ్ళిపోయిన ఊరది. పైకప్పుల్లేని గోడలు, గోడల్లోంచి మొలిచిన నాగజెముడు, గంట లేని చర్చి గోపురం... వీటన్నిటి మధ్యా పైవీధి చివర ఒక్క ఇంటికి మాత్రం తలుపులున్నాయి. నీలం రంగువి. ఎప్పుడూ మూసే ఉంటాయి. కిటికీ రెక్కల సందులోంచి మాత్రం ఎవరో చూస్తున్నట్టే ఉంటుందట. ఒకామె మొహం చూశానంది. ఇంకొకాయన లోపల దగ్గు విన్నానన్నాడు. ఆ గుమ్మం ముందు ఎవరైనా పేరుపెట్టి పిలిస్తే పలక్కూడదట... పలికినవాణ్ణి లోపలి దెయ్యం చెయ్యి పట్టుకుని గనిలోకి దింపేస్తుందట.

ఇంత చెడ్డపేరు ఆ ఇంటికి ఊరికే రాలేదు. లియోబార్దో నాలుగేళ్ళు కష్టపడి తెచ్చిపెట్టాడు.

ఈ సంగతంతా నాకు చెప్పింది వ్యాను డ్రైవరు రోకే. వాడు చెప్పేదాంట్లో సగం కొట్టిపారెయ్యాలి. కానీ ఇది చెబుతున్నంతసేపూ వాడు ఒక్కసారి కూడా నవ్వలేదు.

లియోబార్దో గ్వానహ్వాతో సిటీలో ఒక టూరు కంపెనీకి గైడు. పొద్దున్న ఎనిమిదింటికి పన్నెండుమందిని వ్యానెక్కించుకుంటాడు. ముందు ఒక ఊరు చూపిస్తాడు. అక్కడ బంగారుపూత చర్చి, వెండి గాజుల కొట్లు, మనుషులూ ఉంటారు. తర్వాత సొకోర్రో. అక్కడ మనుషులు ఉండకూడదు. కంపెనీ కాగితంలో పెద్దక్షరాలతో అదే అచ్చేశారు... నరమానవుడు లేని వెండి ఊరు అని.

చిక్కల్లా ఒక్కటే. ఆ ఊళ్ళో ఒక నరమానవి ఉంది. నీలం తలుపుల ఇంట్లో. పేరు తొమాసా, వయసు డెబ్భై తొమ్మిది. లియోబార్దోకి సొంత మేనత్త. తల్లి పోయాక వాణ్ణి ఆ ఇంట్లోనే పెంచి, ముక్కు తుడిచి, బడికి పంపిన మనిషి.

మొదటి ఏడాది ఆవిడ బట్టలు ఆరేసిన తాడు చూసి ఒక పెద్దమనిషి కంపెనీలో గొడవపెట్టుకున్నాడు. ఖాళీ ఊరని చెప్పి మోసం చేశారట. యజమాని లియోబార్దోని పిలిచి, ఇంకోసారి ఆ ఊళ్ళో బట్టలు కనిపిస్తే ఇంకో ఊరు చూసుకుంటాననీ, ఆ ఊరికి ఇంకో గైడుని చూసుకుంటాననీ చెప్పాడు. దాంతో మనవాడు అత్త కాళ్ళ దగ్గర కూర్చుని బతిమాలుకున్నాడు. పదకొండు నుంచి రెండు దాకా పొయ్యి వెలిగించకు. రేడియో పెట్టకు. కోళ్ళని పెరట్లోనే మూసెయ్యి. నువ్వు గడప దాటకు.

ఆవిడ సరేనంది. ఒక్కటే అడిగింది... నీ కథల్లో మీ మావయ్య పేరు మాత్రం వాడకు నాయనా అని.

ఆవిడ భర్త అన్సెల్మో గనిలో పోలేదు. ఇరవయ్యేళ్ళు రాతిదుమ్ము పీల్చి, ఆ కిటికీ పక్క మంచమ్మీదే దగ్గి దగ్గి పోయాడు. కథకి అది సరిపోదు కదా. లియోబార్దో ఆయన్ని నూరేళ్ళు వెనక్కి జరిపి, రాత్రి షిఫ్టులో గనిలోకి దింపి, మళ్ళీ పైకి రానివ్వలేదు. ఇంకో పేరు పెట్టి చూశాడట గానీ నోట్లో సరిగా తిరగలేదట. అన్సెల్మో అంటేనే గొంతు బాగా వణికింది. అదే ఉంచేశాడు. కిటికీ వెనక నిలబడి ఆ మొగుడి కోసం ఎదురుచూసే దెయ్యంగా అత్తని పెట్టాడు.

ఆదివారం ఆదివారం మాత్రం పిండి, బీన్సు, బీపీ మాత్రలు, సబ్బులు తీసుకెళ్ళి ఇచ్చేవాడు. మంచివాడే. కాదని ఎవరూ అనరు. లెయోన్‌లో చెప్పుల ఫ్యాక్టరీలో పనిచేసే కూతురు గ్రాసియేలా రా రమ్మని పోరుతున్నా, వీడు ఉన్నాడన్న ధైర్యంతోనే ఆవిడ ఆ ఊరు వదల్లేదు.

కొండ కింది మలుపులో రోకే రెండుసార్లు హారన్ కొట్టేవాడు. చచ్చిపోయిన గని కూలీలకి గౌరవమని లియోబార్దో టోపీ తీసి గుండెకి ఆనించుకునేవాడు. వ్యానులోవాళ్ళూ తీసేవాళ్ళు. అసలు సంగతి... పొయ్యి ఆర్పమని అత్తకి కబురది.

ఫిబ్రవరిలో ఒక గురువారం. ఎముకలు కొరికే గాలి. ఎప్పట్లాగే గనినోరు చూపించి, ఒకప్పుడు వెండిరాయి నూరిన వాకిళ్ళు చూపించి, ఫోటోలు తీసుకోండని అరగంట వదిలేశాడు. తర్వాత అందర్నీ పోగేసుకుని పైవీధికి తీసుకొచ్చాడు. వాళ్ళు ఎందుకో మరీ మాట్లాడకుండా నడుస్తున్నారు. భయపడుతున్నారనుకుని మనవాడు లోపల్లోపల మురిసిపోయాడు. గొంతు తగ్గించాడు.

"ఇదే ఆ ఇల్లు... అన్సెల్మో రాత్రి షిఫ్టుకి బయల్దేరిన గుమ్మం ఇదే..."

నీలం తలుపు కిర్రుమంది.

మేనత్త బయటికొచ్చింది. మధ్యాహ్నం ఒంటిగంట ఎండలో. ఏప్రాను, భుజాలమీద బూడిదరంగు శాలువా. వీధి మధ్యకి వచ్చి, పది అడుగుల దూరంలో ఆగి, వాడివంకే చూసింది.

"ఒరే చప్పిడిముక్కూ," అంది మెల్లగా.

చిన్నప్పటి పిలుపు. ఆవిడ తప్ప ఎవరూ పిలవని పిలుపు.

ఒక్క క్షణం... ఒక్క మాట చాలు. మా అత్తండీ అంటే అయిపోయేది. వాడి కళ్ళు ఆవిడ మొహం మీంచి పక్కకి జరిగి, గోపురం మీద ఆగాయి.

"గాలండీ," అన్నాడు. "ఇక్కడ తలుపులు వాటంతటవే తెరుచుకుంటాయి. అటు చూడకండి... నడవండి."

ఎవరో ఒకరు అడుగుతారని ఒళ్ళంతా బిగబట్టుకున్నాడు. ఆ ముసలావిడ ఎవరండీ అని. ఎవరూ అడగలేదు.

తలతిప్పి చూశాడు. కొత్తగా పెళ్ళైన జంట చెట్టాపట్టాలేసుకుని నేల చూసుకుంటూ వస్తున్నారు. కెరెతరో నుంచి వచ్చిన రిటైర్డ్ టీచరమ్మ అత్తకి జానెడు దూరంలోంచి నడిచింది. శాలువా కొస ఆవిడ చేతికి తగిలింది కూడా. టీచరమ్మ రెప్ప వెయ్యలేదు. పన్నెండుమంది. ఒక్కొక్కరే ఆవిడ పక్కనుంచి... రాయి పక్కనుంచి నీళ్ళు పోయినట్టు పోయారు. ఒక్క కన్ను కూడా అటు తిరగలేదు.

"ఇటు చూడరా," అంది అత్త, ఇంకా మెల్లగా.

వాడు నడిచాడు. వీధి మలుపు తిరిగేముందు వెనక్కి చూశాడు. వీధిలో ఎవరూ లేరు. నీలం తలుపు మూసి ఉంది.

వ్యానులో కూర్చున్నాక ముందు సీటులోంచి వెనక్కి వంగి, టీచరమ్మని తేలిగ్గా అడిగినట్టు అడిగాడు... ఆ ఇంటి దగ్గర మీకేమైనా కనిపించిందా అని.

ఆవిడ కిటికీలోంచి కొండలు చూస్తూ అంది, "మీరే చెప్పారుగా బాబూ. అక్కడ ఎవరూ లేరని."

పన్నెండుమందికి కనిపించలేదు. వాడికొక్కడికే కనిపించింది. ఆదివారం వెళ్ళినప్పుడు ఆయాసపడుతూ తలుపు తీసింది. డాక్టరు దగ్గరికి వచ్చేవారం తీసుకెళ్తానన్నాడు. సొకోర్రోలో ఫోను అందదు. ఆవిడ పోయినా చెప్పడానికి ఊళ్ళో ఇంకో మనిషి లేడు... అంటే బుధవారమో, ఆ పొద్దున్నో... పోయి కూడా చివరిసారి చూసుకుందామని వాడి దగ్గరికే వచ్చింది. చప్పిడిముక్కూ అని పిలిచింది. వాడు గోపురం చూశాడు.

అందర్నీ సిటీలో దింపేసి, రోకే భుజం పట్టుకున్నాడు. అత్త దెయ్యమై కనిపించిందని చెప్పి, వెంటనే వెనక్కి పోవాలన్నాడు. రోకే వాడి సొంత డొక్కు ట్రక్కు తీశాడు. దారిలో ఊరుకున్నాడా... దెయ్యాల్ని అమ్ముకుని బతికేవాడికి దెయ్యమంటే భయమేంట్రా, కంపెనీవాళ్ళకి తెలిస్తే టికెట్టు ధర పెంచుతారు అని ఏడిపించాడు. కాసేపటికి రోకే చూస్తే, వాడి చెంపలు తడిగా ఉన్నాయట. ఆ తర్వాత రోకే ఏడిపించడం మానేసి బండి వేగం పెంచాడు.

ఊరు చేరేసరికి చీకటి పడిపోయింది. హారన్ కొట్టలేదు. పైవీధిలో దీపం లేదు. పొగ వాసన లేదు. రేడియో లేదు. నాలుగేళ్ళుగా ఆ ఇల్లు ఎలా ఉండాలని వాడు కోరుకున్నాడో సరిగ్గా అలాగే ఉంది.

తలుపు కొట్టాడు.

లోపల చప్పుడు లేదు.

"అత్తా," అన్నాడు. మళ్ళీ కొట్టాడు. తలుపుకి నుదురు ఆనించి నిలబడ్డాడు. లోపల... ఎక్కడో దూరంగా... కాళ్ళీడ్చుకుంటూ ఎవరో వస్తున్న చప్పుడు. ఆగింది. మళ్ళీ మొదలైంది. తలుపు సందులో కొవ్వొత్తి వెలుగు. ఆ వెలుగులో ఆవిడ మొహం, కింది నుంచి.

లియోబార్దో శిలువ గుర్తు వేసుకుని రెండడుగులు వెనక్కి వేశాడు.

"ఇప్పుడు కనిపిస్తున్నానా?" అంది అత్త.

వాడు రోకే వైపు తిరిగాడు. నీకు కనిపిస్తోందా అని గుసగుసగా అడిగాడు. రోకే టోపీ తీసి, చలిలో తలుపు తీసుకుని నిలబడకు తల్లీ, ముందు లోపలికి పదండి అన్నాడు. అప్పుడు గానీ వాడికి ఊపిరి ఆడలేదు. కొవ్వొత్తి పట్టుకున్న ఆవిడ చెయ్యి తాకి చూశాడు. వెచ్చగా ఉంది.

సంతోషంతో నవ్వబోయాడు. ఆవిడ నవ్వలేదు.

పొయ్యి వెలిగించి, మట్టికుండలో దాల్చినచెక్క కాఫీ పెడుతూ, వాడివైపు తిరక్కుండానే చెప్పింది. అరగంట ఫోటోలకి వదిలేస్తావే, ఆ అరగంటా వాళ్ళు పెరటి గుమ్మంలోంచి నా వంటింట్లోనే ఉంటారు అంది. ఇవాళ కాదు, మూడేళ్ళ నుంచీ. ఎవరో ఒకరు బాత్రూం వెతుక్కుంటూ వస్తారు, మిగతావాళ్ళు కాఫీ వాసనకి వస్తారు. పొయ్యి ఆర్పితే నిప్పు పోతుందా? నీ కథ నాకు వాళ్ళే చెబుతారు. మీ మావయ్య పేరుతో సహా.

లియోబార్దో తల ఎత్తలేకపోయాడు.

వాళ్ళందరికీ ఆవిడ ఒకటే చెప్పేదట. మావాడికి సిగ్గెక్కువ, మీకు తెలిసిపోయిందని తెలిస్తే చచ్చిపోతాడు, భయపడినట్టు ఉండండి అని. మూడేళ్ళలో వచ్చిన వాళ్ళంతా, ఆ కిటికీ ముందు, వాడి మొహం చిన్నబోకూడదని భయం నటించారు. పిల్లలతో సహా.

"ఇవాళ ఆ టీచరమ్మ ఊరుకోలేదు," అంది. "ఇది మంచిది కాదమ్మా, వెళ్ళి ఎదురుగా నిలబడండి, ఏం చేస్తాడో చూద్దాం అంది. నేను నవ్వాను. నోటితో ఎన్ని కోతలైనా కోస్తాడు గానీ, నేను ఎదురుగా నిలబడి పిలిస్తే మావాడు ఆగుతాడన్నాను. నలుగురిలో నీకు నామోషీ కాకూడదని, మీరెవరూ నావైపు చూడొద్దని వాళ్ళ దగ్గర మాట తీసుకున్నాను. నువ్వు సుఖంగా పలకాలని."

కాఫీ గిన్నె వాడి ముందు పెట్టింది.

"వాళ్ళు మాట నిలబెట్టుకున్నారు. పన్నెండుమందీ. తర్వాత నువ్వు కూడా నావైపు చూడలేదు." ఆవిడ ఎడమ చెయ్యి చాపింది. మోచేతి దగ్గర నల్లగా కమిలి ఉంది. "లోపలికొచ్చి తలుపేసుకున్నాక నన్ను నేనే గిల్లుకున్నాను రా. ఉన్నానో లేదో తెలియలేదు."

రోకే గోడవైపు తిరిగి టోపీ అంచు నలుపుతూ కూర్చున్నాడు. లియోబార్దో వెక్కివెక్కి ఏడ్చాడు. శనివారం గుంపు రాగానే నిజం చెబుతాననీ, అందరిముందూ ఈ ముందుతలుపే కొట్టి పిలుస్తాననీ, ఉద్యోగం పోతే పోయిందనీ ప్రమాణం చేశాడు. ఆవిడ వాడి తల నిమిరి తినమంది. ఆ తర్వాత రోకేని మామూలుగా ఏదో అడిగింది... కొండ కింద పాలట్రక్కు ఇంకా తెల్లారుజామునే లెయోన్‌ వైపు పోతోందా అని. పోతోందన్నాడు రోకే.

శనివారం పదకొండుమంది వచ్చారు. వాడు అన్నమాట ప్రకారమే చేశాడు. అరగంట ఫోటోలకి వదల్లేదు. తిన్నగా నీలం తలుపుల దగ్గరికి తీసుకొచ్చి, టోపీ తీసేసి చెప్పాడు. ఇది ఖాళీ ఊరు కాదనీ, ఇక్కడ మా మేనత్త తొమాసా ఉంటుందనీ, మావయ్య అన్సెల్మో ఇదే ఇంట్లో మంచమ్మీద పోయాడనీ, నాలుగేళ్ళుగా తను అబద్ధం చెప్పి ఆవిణ్ణి దాచాననీ. చెబుతుంటే గొంతు నిజంగానే వణికింది.

తలుపు కొట్టాడు. "అత్తా... మనుషులొచ్చారు."

ఆగాడు. మళ్ళీ కొట్టాడు. కిటికీ రెక్క సందులోంచి చూశాడు. పెరటివైపు పరుగెత్తాడు. కోళ్ళు లేవు. పొయ్యిలో బూడిద చల్లగా ఉంది. మంచమ్మీద పరుపు చుట్టి తాడు కట్టి ఉంది.

తిరిగి గుంపు దగ్గరికి వచ్చేసరికి వాడి మొహంలో నెత్తురుచుక్క లేదు. మూసిన తలుపు వైపే చూస్తూ నిలబడ్డాడు. వెనక నుంచి ఒకమ్మాయి భర్త చెయ్యి పట్టుకుని గుసగుసలాడింది... నిజంగా ఎవరో ఉన్నట్టే పిలిచాడు, నాకు ఒళ్ళు జలదరించింది అని.

ఎవరో చప్పట్లు మొదలుపెట్టారు. తర్వాత అందరూ.

లియోబార్దో తల దించుకున్నాడు. వాళ్ళు అది నటుడు పెట్టే దండమనుకుని ఇంకా గట్టిగా కొట్టారు.