శవం కదలకూడదు

ఉడికిన అన్నంలో మొదటి ముద్ద చనిపోయిన భార్యకు పెట్టడం తోకుజి పదిహేడేళ్లుగా ఒక్క పూటా మానలేదు. ఆ ఉదయం కూడా చిన్న గిన్నెలో అన్నం సర్ది, గోడవారన ఉన్న చిన్న పూజామందిరంలో హత్సుయో ఫోటో ముందు పెట్టి, గంట ఒకసారి మోగించాడు. తర్వాత ఎప్పుడూ చేయని పని చేశాడు. అగరువత్తుల కట్ట తీసి చొక్కా జేబులో వేసుకున్నాడు.

"ఇవాళ అమ్మ పోయిన రోజు. అవి దాస్తావేంటి నాన్నా?" పొయ్యి మీద చేప తిప్పుతూ సుమిరే అడిగింది.

"వచ్చేవాడి చేతికి అందకూడదని."

"పిలిచింది నువ్వేగా?"

"పిలిచాను. రానీ. మోకాళ్ల మీద కూర్చుని నుదురు చాపకి ఆనించనీ. అప్పుడు మందిరం తలుపులు వాడి మొహం మీదే మూస్తాను."

ఈ వారంలో సుమిరే మాటలు బాగా తగ్గాయి. చేప ఒక వైపు మాడింది.

వచ్చేవాడు ఇగరాషి. స్టూడియోలుండే ఉజుమసాలో కత్తియుద్ధాల సినిమాలు తీసే దర్శకుడు. కరాటే బడి నుంచి వచ్చిన పదిహేడేళ్ల హత్సుయోను కథానాయికను చేసింది అతనే. తొమ్మిదేళ్లలో నలభై సినిమాలు. ఆమె తనకు బదులు ఇంకొకరిని దూకనిచ్చేది కాదు. తోకుజి ఆ సినిమాల్లో కత్తివేటుకు పడిపోయే మనిషి. పెళ్లికి ముందే ఆమె చేతిలో ముప్పై ఒక్కసార్లు చచ్చానని ఒకప్పుడు నవ్వుతూ చెప్పుకునేవాడు.

నలభయ్యో సినిమాలో ఆమె కోటగోడ మీద నుంచి, దెబ్బ తగలకుండా కింద పేర్చిన అట్టపెట్టెల మీదికి దూకింది. ముందురోజు వాన పడింది. అడుగు వరస పెట్టెలు నాని ఉన్నాయి. ఆమె బరువుకు అవి తడిసిన రొట్టెలా నలిగిపోయాయి. వెన్ను విరిగింది. మూడేళ్లు మంచంలో ఉండి చనిపోయింది.

ఇప్పుడు అదే ఇగరాషి తన కొత్త సినిమాకి సుమిరేను ఎంచుకున్నాడు. "సంతకం పెట్టావంటే మళ్లీ ఈ గడప తొక్కకు," అని తోకుజి కూతురికి తెగేసి చెప్పాడు.

పది గంటలకు ఇగరాషి వచ్చాడు. చేతికర్ర, నల్ల సూటు, బెల్లం ముద్ద కూరిన బియ్యప్పిండి ఉండల పెట్టె.

"హత్సుయోకి ఇవంటే ఇష్టం కదా," అన్నాడు.

"ఇష్టమే. తినడానికి మనిషే లేదు. కూర్చో."

ముసలాయన కష్టపడి మోకాళ్ల మీద కూర్చుని తల వంచాడు. తోకుజి మందిరం తలుపులు మూసి, వాటికి వీపు ఆనించి కూర్చున్నాడు.

"వాన పడిందని నీకు తెలుసా, తెలీదా?"

"తెలుసు."

"పెట్టెలు చూశావా?"

"చూడలేదు."

"గట్టిగా చెప్పు. ఆమెకి వినిపించాలి."

"నేను చూడలేదు, తోకుజీ."

ఇరవై ఏళ్లుగా ఎదురుచూసిన మాట. వినగానే కడుపు చల్లబడుతుందనుకున్నాడు. చల్లబడలేదు.

"చూడవు. నీకు కెమెరా తప్ప ఏం కనపడుతుంది? తల్లిని తిన్నావు. ఇప్పుడు పిల్లని కూడా ఎక్కించు గోడ. అదే కదా మిగిలింది."

"నాన్నా," అంది సుమిరే. "ఆ రోజు నువ్వెక్కడున్నావు?"

"ఎక్కడుంటాను? మీ అమ్మ నన్ను చంపేసింది. గోడకి నాలుగడుగుల దూరంలో పడున్నాను."

"కళ్లు మూసుకునేనా?"

"సుమిరే, వద్దమ్మా," అన్నాడు ఇగరాషి.

"మీరూరుకోండి. ఇరవై ఏళ్లు ఊరుకున్నది చాలు." ఆమె తండ్రి ఎదురుగా కూర్చుంది. "పోయిన వారం స్టూడియోలో పాత ఫిల్మ్ డబ్బాలు సర్దుతుంటే ఆ షాట్ దొరికింది. చూశాను. అమ్మ గోడ మీద నిలబడి ఉంది. మూల ఒక శవం ఉంది. దాని కళ్లు తెరిచి ఉన్నాయి. పెట్టెల వైపు చూస్తోంది."

తోకుజి మర్చిపోలేదు. ఆ నాలుగు క్షణాల మీద ఇరవై ఏళ్లుగా ఇగరాషి పేరు పేర్చుకుంటూ వచ్చాడు, అంతే. అడుగు వరస అట్ట నల్లబడి ఉంది. తడి పైకి పాకుతోంది. కేక గొంతు దాకా వచ్చింది. కానీ కెమెరా తిరుగుతోంది. అంతకు నెల ముందు అతని వేలు కదిలి ఒక షాట్ పాడైతే, హత్సుయో ఎనిమిదిసార్లు మళ్లీ చేయవలసి వచ్చింది. ఆ పనిలో చేరిన రోజు నేర్పే మొదటి పాఠం ఒకటే. శవం కదలకూడదు. అంచు మాత్రమే తడిసి ఉంటుందిలే అనుకున్నాడు. ఆమె దూకింది.

"నీకు తెలుసా?" అని ఇగరాషిని అడిగాడు.

"వారం తర్వాత రీలు వేసి చూసుకున్నప్పుడు తెలిసింది."

"మరి నేను ఊరంతా నిన్ను తిడుతుంటే?"

"హత్సుయో చెప్పొద్దంది. గోడ మీద నుంచి నీ కళ్లు కనపడ్డాయట. అప్పటికే కాలు గాల్లో ఉంది. 'మిమ్మల్ని తిట్టుకుంటూ అయితే బతుకుతాడు, తనను తానే తిట్టుకుంటే బతకడు. కాస్త ఓర్చుకోండి,' అంది. తప్పు నాది కూడా. ఓర్చుకున్నాను."

తోకుజి పక్కకు జరిగి మందిరం తలుపులు తెరిచాడు. జేబులో అగరువత్తులు సగానికి విరిగి ఉన్నాయి. ఒక ముక్క ఇగరాషికి ఇచ్చి, ఒకటి తాను తీసుకున్నాడు.

"నువ్వు చూడలేదు," అన్నాడు. "నేను చూశాను."

రెండు ముక్కలూ వెలిగించి ఫోటో ముందున్న బూడిద గిన్నెలో పక్కపక్కనే గుచ్చారు.

"సంతకం పెట్టుకో," అని తోకుజి కూతురి వైపు తిరక్కుండా అన్నాడు. "కానీ చచ్చి పడున్నప్పుడు కూడా పెట్టెలు తడిసి కనపడితే లేచి కేక పెట్టు. షాట్ పాడైతే పాడవనీ."

"అలాగే నాన్నా."

అతను ఫోటో వైపు చూశాడు. ఇరవై ఏళ్ల కింద గొంతులో ఆగిన కేక ఇప్పుడు వచ్చేసరికి అందులో బలం లేదు.

"దూకకు, హత్సుయో," అన్నాడు. "పెట్టెలు తడిసి ఉన్నాయి."