బట్టల సందులో కొంగు

మా ఎడారి ఊరు లగూవాత్‌లో బట్టల సందు పేరెత్తితే గాడిదలు కూడా వెనక్కి తిరిగేవి. పైన కప్పు, మిట్టమధ్యాహ్నమైనా లోపల చీకటే. అందులోకి వందమంది వెళ్తే అవతలికి తొంభైతొమ్మిదిమందే వస్తారని, ఒకర్ని అక్కడి దెయ్యం ఉంచేసుకుంటుందని అనేవాళ్ళు.

మా వీధి మెబార్కాకి కొత్తగా వచ్చిన కోడలు ఖీరా. పెళ్ళై వారం. పండగ ముందురోజు అత్తగారి వెంట ఆ సందులోకి వచ్చింది. ఊళ్ళో ఆడవాళ్ళంతా, సమాధుల్లో ఉన్నవాళ్ళతో సహా, అక్కడే ఉన్నారు. అందరివీ తెల్లటి హాయిక్‌లే. నెత్తి నుంచి మడమల దాకా ఆ ముసుగు, బయటికి ఒక్క కన్ను.

జనంలో ఒక తోపు వచ్చింది — చేతిలోని అత్తగారి కొంగు జారింది.

"అత్తయ్యా..."

నలభై ముసుగులు తిరిగాయి. నలభై కళ్ళు. ఒక్కటీ ఆమెను ఎరగదు.

"ఎవరింటిదానివే?" అందొక కన్ను.

ఇంటి దారి తెలీదు. బజార్లో మొగుడి పేరెత్తే కోడలు మాలో ఇంకా పుట్టలేదు.

"మా... మా వాళ్ళింటిదాన్ని."

"ఇంకేం, దొరికేసినట్టే," అని ఆ కన్ను వెళ్ళిపోయింది.

చుట్టూ భుజాలు, మోచేతులు, ఊపిర్లు... తనవాళ్ళెవరూ లేరు. ఇంతమంది తెలుపులో తనూ ఒక తెలుపై ఇక్కడే ఉండిపోతే... అంతలో ఎదర ఒక హాయిక్ కుంటుతూ వెళ్ళడం కనిపించింది. అత్తగారూ కుంటుతుంది. తోసుకుంటూ వెళ్ళి కొంగు పట్టేసింది.

ఆ హాయిక్ ఆగలేదు. నడక పెంచింది. ఖీరా పట్టు బిగించింది. అది పరుగందుకుంది... మలుపు తిరిగి, జనం లేనిచోట గోడకి అతుక్కుని వణికింది.

"బిస్మిల్లా... నన్నొదిలెయ్యి తల్లీ, నా ఒంట్లో ఎముకలు తప్ప తినడానికేం లేదు."

అది నేనే. కొత్త చెప్పు కరిచి కుంటుతున్నాను. సందులోని దెయ్యం పట్టుకుందనుకుని ఒంటెల్ని మించి పరుగెత్తాను.

ముసుగులు తొలగించాం. పెళ్ళిలో ఆ పిల్ల చేతులకి గోరింట పెట్టింది నేనే.

"మెబార్కా కోడలివా? అత్త పేరు చెప్పినా సరిపోయేదిగా, మొద్దూ."

"భయంలో గుర్తే రాలేదు పిన్నీ."

ఒకటే నవ్వాను. పద, దిగబెడతానన్నాను. పిల్ల కదల్లేదు. ఇంతవరకూ చెప్పినదాంట్లో నేను కలిపింది బోలెడుంది. ఇక్కణ్ణుంచి ఒక్క ముక్క కలపలేదు.

"పిన్నీ," అంది, పెదవులు కదలకుండా. "మీ కొంగు నేను పట్టుకున్నాను... మరి నాది ఎవరు పట్టుకున్నారు?"

ఆమె హాయిక్ వెనకంచు, మలుపు అవతల చీకట్లోకి, తాడులా బిగుసుకుని ఉంది.